ఊపిరి బిగబట్టి నిలబడ్డవాళ్లు

పేరు ముందు 'దోన్' అని తగిలిస్తే గౌరవం. అంతోఫగాస్తా రేవులో ఎవారిస్తో ఒయార్సేకి ఆ గౌరవం కూడా వెక్కిరింతగానే దక్కింది. ఊరంతా ఆయన్ని 'దోన్ కదలండి' అనేది.

ఆదివారం చర్చి వదిలే వేళకి ఆయన మెట్ల ఎదురుగా మూడుకాళ్ల స్టాండు మీద కెమెరా పెట్టుకుని నిలబడేవాడు. ఎడమ చెయ్యి నడుం మీద, కుడి చెయ్యి పిడి మీద. జనం బయటికి వచ్చేవాళ్లు, కెమెరాని చూసేవాళ్లు, చూసిన చోటే కొయ్యబారిపోయేవాళ్లు. వెనక వచ్చేవాళ్లు ముందువాళ్లకి గుద్దుకునేవాళ్లు. విసనకర్ర ఊపుతున్న ఆడమనిషి ఊపడం మానేసేది. ఇత్తడి టోపీల అగ్నిమాపక దళం వాళ్లయితే ఊరేగింపు మధ్యలో నిలబడిపోయి, మీసాలు సవరించుకుని, గడ్డాలు ఎత్తేవాళ్లు. ఎవారిస్తో పిడి తిప్పుతూనే గొంతు చించుకునేవాడు.

"కదలండయ్యా, కదలండి. ఇది ఫోటో కాదు, సినిమా. మీరు బతికే ఉన్నారని తెరకి తెలియాలి కదా."

ఎవరూ కదిలేవాళ్లు కాదు. ఏళ్ల తరబడి ఆయన ఆ జనం మీద విసుక్కున్నాడు. పారిస్ నుంచి వచ్చే రీళ్లలో మనుషులు ఎంత చులాగ్గా నడుస్తారు, ఎంత హాయిగా టోపీలు ఎగరేస్తారు! మనవాళ్లకి మాత్రం అద్దాల కన్ను కనిపిస్తే చాలు, శ్మశానంలో పాలరాతి బొమ్మలైపోతారు. ఈ దేశంలో సినిమా పుట్టదంటే పుట్టదని షాపులో కూర్చుని అనేవాడు.

ఆయన చెడ్డవాడు కాదు. ఈ మాట ముందే చెప్పాలి. సురేకారం తవ్వే పంపా ఎడారిలో కార్మికుల మీద జరిగిన ఘోరాలన్నిటికీ ఒక దొరనో ఒక పోలీసునో చూపించి చేతులు దులుపుకోవడం మనకి అలవాటైంది. ఆ దొరకీ పోలీసుకీ సామాను అందించిన మంచివాళ్ల సంగతి ఎవరూ రాయరు. తమ పని తాము శ్రద్ధగా చేసుకునే మంచివాళ్ల సంగతి.

ఎవారిస్తో దక్షిణాన కొకీంబోలో బట్టలుతికే ఆడమనిషి కొడుకు. తండ్రి ఎవరో తల్లి చెప్పలేదు, ఆయన అడగలేదు. మీసాలు మొలవకముందే ఓడలో పశువుల పక్కన పడుకుని ఉత్తరానికి వచ్చి, ఓ ముసలి ఫోటోగ్రాఫరు దగ్గర టచింగు పనికి కుదిరాడు. సన్నటి చాకుతో నెగటివు మీద మొటిమలు గీకెయ్యడం, సన్నటి కుంచెతో కనుబొమలు దిద్దడం. వాటన్నిటికంటే ఎక్కువగా వచ్చేది చావు పని. ఇంట్లో ఎవరైనా పోతే, వాళ్ల పాత ఫోటో పట్టుకొచ్చేవాళ్లు. తల చుట్టూ తెల్లటి వలయం ఒకటి పెట్టి ఇమ్మనేవాళ్లు, సాధువుల పటాల్లో ఉన్నట్టు. ఆ వలయం ఉన్న ఫోటో గోడ మీద కనిపిస్తే, ఆ మనిషి ఇక లేడని గడపలో నిలబడ్డవాళ్లకి అర్థమైపోయేది. ఎవారిస్తో పెట్టిన వలయాలంత సాఫుగా రేవులో ఇంకెవరూ పెట్టలేకపోయేవాళ్లు. ఆ ముసలాయన పోయినప్పుడు ఆయన ఫోటోకీ వలయం ఎవారిస్తోనే పెట్టాడు. షాపు కూడా తానే నడుపుకున్నాడు.

తర్వాత సినిమా హాలు యజమాని ఒకడు కెమెరా తెప్పించి, దాన్ని తిప్పడం చేతకాక ఈయనకి అప్పగించాడు. అక్కడ మొదలైంది పిచ్చి. గుర్రప్పందాలు, బిషప్పుగారి రాక, క్లబ్బువాళ్ల వనభోజనాలు, ఏదీ వదల్లేదు. శనివారం హాల్లో వేస్తే, తమని తాము చూసుకోవడానికి ఊరు కదిలొచ్చేది. ఓసారి మందుల షాపాయన కూతుర్ని నాయికగా పెట్టి కథ సినిమా కూడా తీశాడు. నాలుగు ఆటలు ఆడేలోగా రాజధాని నుంచి ఇంకో బొమ్మ వచ్చి దాన్ని తోసేసింది. రాజధాని సాంతియాగో పత్రికల్లో ఒక్క ముక్క రాలేదు. దానికి ఆయన కుమిలిపోయాడు. ఒక్క బొమ్మ, రాజధాని వాళ్లు నోరు మూసుకుని చూసే బొమ్మ, తన పేరు తెర మీద ఉండే బొమ్మ. ఆయనకి కావలసింది అదే. పెళ్లి చేసుకోలేదు. ఇల్లు కట్టలేదు. జీవితంలో ఇంకేదీ అంత గట్టిగా కోరుకోలేదు.

సాంతా ఎదెల్మీరా కంపెనీ మేనేజరు ప్రింగిల్ కబురు పెట్టింది ఆ రోజుల్లోనే. లండన్లో వాటాదారులకి చూపించడానికి సురేకారం ఎలా తయారవుతుందో సినిమా తియ్యాలి. రీళ్లు కంపెనీయే ఇస్తుంది. ఎవారిస్తో కెమెరా భుజాన వేసుకుని రైలెక్కాడు.

పంపాలో ఆయన పక్కన సామాను మొయ్యడానికి కంపెనీ ఒక మనిషిని పంపింది. పేరు లిందోర్ అరాయా. సురేకారపు రాయిని మరిగించే తొట్ల అడుగున మిగిలిన మడ్డిని పారలతో ఎత్తే పని. వేడి మడ్డిలో నడుముదాకా బట్టలు లేకుండా దిగే పని కాబట్టి, ఆ ముఠా వాళ్ల ఒంటి రంగు మిగతావాళ్ల రంగులా ఉండేది కాదు. లిందోర్ సన్నగా పొడుగ్గా ఉండేవాడు, మాటలో చురుకు. స్టాండు ఎత్తుకుంటూ మొదటిరోజే అడిగాడు, ఈ రీలు దేనితో చేస్తారని. దూదిని సురేకారపు యాసిడ్‌లో నానబెట్టి చేస్తారట, అందుకే నిప్పు చూస్తే అంత తొందరగా అంటుకుంటుందని ఎవారిస్తో చెప్పాడు.

"అయితే ఇదీ మేం తవ్విందేనన్నమాట," అన్నాడు లిందోర్. "మాది మాకే చూపించడానికి ఇంత దూరం మోసుకొచ్చారా, దోన్ ఎవారిస్తో?"

ఎవారిస్తో నవ్వాడు. ఆ మనిషి ఆయనకి నచ్చాడు. రేకుల ఇంట్లో లిందోర్ పెళ్లాం ఎదువీహెస్ ఆయనకి బీన్సు కూర వడ్డించింది, కడుపు వెచ్చబడేలా టీ పోసింది. తన మొగుడు అద్దం ముందు ఎక్కువసేపు నిలబడతాడని, ఆడపిల్లకంటే అన్యాయమని వేళాకోళం చేసింది. ఆ అద్దం కారణం లిందోర్ మర్నాడు తొట్ల దగ్గర చెప్పాడు.

తొట్ల మీద మూత లేదు, జాలీ లేదు. ఆవిరిలో అడుగు ఎక్కడ పడుతుందో కనిపించదు. లిందోర్ తమ్ముడు ఆ ఆవిరిలోనే అడుగు తప్పాడు. పూడ్చడానికి ఏమీ మిగల్లేదు. తమ్ముడికి ఎన్నడూ ఫోటో తీయించలేదు. "వాడి మొహం గుర్తు చేసుకోవాలంటే నేను అద్దంలో చూసుకుని, ముక్కు కొంచెం పక్కకి లాక్కోవాలండీ," అన్నాడు. "ఈ మధ్య అదీ కుదరట్లేదు. నా మొహం వాడి పోలిక పోయేంత ముదిరిపోయింది."

ఎవారిస్తో ఆ మాట విని కెమెరా దించాడు. తర్వాత మళ్లీ ఎత్తి, ఆవిరిని తీశాడు. ఆవిరి చాలా బాగా వచ్చింది.

ఆదివారం పాత తవ్వకపు గోతుల్లో సమావేశం ఉందని లిందోర్ చెప్పాడు. కంపెనీ మనుషులు రాని చోటు. తొట్ల మీద ఇనపజాలీలు వెయ్యాలి, కంపెనీ కొట్టులో తప్ప చెల్లని కంపెనీ బిళ్లల బదులు అసలు డబ్బు ఇవ్వాలి, ఇవి అడుగుతారట. వచ్చి తీస్తారా అని అడిగాడు. తీసి, రేకుల హాల్లో మాకు వేసి చూపించాలి. చూపించాక తలా ఒక కాగితం ఫోటో ఇవ్వాలి, ఊళ్లో అమ్మలకి పంపుకోవడానికి. ఎవారిస్తో దగ్గర కంపెనీ రీలు ఒకటి మిగిలి ఉంది. జెండాలు, పిడికిళ్లు, అరుపులు, జనసముద్రం ఆయన కళ్ల ముందు ఆడాయి. రాజధాని నోరు మూసుకుని చూసే బొమ్మ. సరే సరే, అన్నీ ఇస్తానన్నాడు.

ఆదివారం గోతుల దగ్గరికి వెళ్లి చూస్తే ఆయనకి కడుపు మండిపోయింది.

వాళ్లు వచ్చారు. పంపా మనిషికి ఆదివారం బట్టలు ఎంత ముఖ్యమో తెలిసిందే. నల్ల కోట్లు, గంజి పెట్టిన కాలర్లు, మెడలో పట్టు రుమాళ్లు, మెరిసేలా తోమిన బూట్లు. జెండా ఉంది. కానీ పిడికిళ్లు లేవు, అరుపులు లేవు. లిందోర్ వాళ్లని వరసలు కట్టించాడు. ఏడాదికోసారి గాడిద మీద వచ్చే ఫోటోగ్రాఫరు దగ్గర ఆ జనం ఒక పాఠం నేర్చుకుని ఉన్నారు. కదిలినవాడి మొహం మసకబారిపోతుంది. ఖర్చూ వృథా, మొహమూ వృథా. అందుకని కెమెరా ముందు కదలకపోవడం వాళ్లకి మర్యాద. ఎదుటివాడి పనిని గౌరవించడం.

మొదటి వరసలో కమిటీ వాళ్లు, కోటు మీద ఎర్ర రిబ్బన్లు. ముందుకి వచ్చారు, టోపీలు తీశారు, గాలి పీల్చి ఆపారు, కళ్లు తిన్నగా అద్దంలోకి పెట్టారు. కాసేపయ్యాక లిందోర్ తల ఊపితే వాళ్లు పక్కకి తప్పుకున్నారు, రెండో వరస వచ్చింది. మళ్లీ టోపీలు, మళ్లీ ఊపిరి. ఎవారిస్తో పిడి తిప్పుతూ అరిచాడు.

"కదలండయ్యా బాబూ! చేతులెత్తండి. ఏదైనా మాట్లాడుకోండి. ఏమయ్యా లిందోర్, వీళ్లకి చెప్పు."

"చెప్పే నిలబెట్టానండి," అన్నాడు లిందోర్ పెదవులు కదలకుండా. "కదిలితే మొహం పోతుంది. మొహం కోసమే కదా వచ్చాం."

వెనక వరసలో ఎవడో, మేం కదిలేది రేపట్నుంచి చూద్దురుగాని దొరా అన్నాడు. నవ్వు వరసలన్నిటి మీదుగా పాకింది కానీ ఒక్క పెదవీ విచ్చుకోలేదు. ఎవారిస్తో తిట్టుకుంటూ రీలు అయిపోయేదాకా తిప్పాడు.

షాపుకి వచ్చి, రీలు కడిగి, ఆరబెట్టి, ప్రింటు తీసి, గోడ మీద వేసుకుని చూశాడు. పిడి తిప్పుతున్న చెయ్యి దానంతటదే నెమ్మదించింది. మనుషులు కదలడం లేదు. వాళ్ల మెడల్లో రుమాళ్లు కదులుతున్నాయి. జెండా అంచు కదులుతోంది. ఎవడికో కన్ను చెమర్చి, వాడు రెప్ప వెయ్యకుండా ఓర్చుకుంటున్నాడు. ఊపిరి ఆపిన ఛాతీల కింద గుండె కొట్టుకోవడం గంజి కాలరు మీద కనిపిస్తోంది. వరస వెనక వరస, మొహం వెనక మొహం, నన్ను చూడు అన్నట్టు. తాను జన్మంతా అడుక్కున్న కదలిక ఏ బొమ్మలోనూ ఇంత లేదు. పారిస్ వాళ్ల దగ్గరా లేదు. ఇది తను తీసిందేనా అని ఎవారిస్తోకి అనుమానం వచ్చింది. తను తియ్యలేదు. వాళ్లే తీయించుకున్నారు. ఆ సంగతి మాత్రం ఆయనకి తట్టలేదు.

అన్నట్టే మర్నాటి నుంచి వాళ్లు కదిలారు. సమ్మెతో తొట్లు చల్లారిపోయాయి. వారం తిరక్కుండా రైల్లో సైన్యం దిగింది. కంపెనీ కొట్టు మూసేశారు, నీళ్ల బండి ఆపేశారు. పిల్లల నాలుకలు పిడచకట్టుకుపోయాక జనం పనిలోకి దిగారు. తొట్ల మీద జాలీ పడలేదు. కానీ కంపెనీకి ఒక ముల్లు మిగిలిపోయింది. మీకు నాయకుడెవరు అంటే ప్రతివాడూ అందరమూ అనేవాడు. కమిటీ ఎవరు అంటే అందరమూ. కొట్టినా అదే మాట. ఆ గోతుల్లోకి కంపెనీ మనిషి ఒక్కడూ వెళ్లలేదు కాబట్టి, అక్కడ రిబ్బను పెట్టుకున్నది ఎవరో పైవాళ్లకి తెలియదు.

లండన్ బొమ్మ చూపించమని ప్రింగిల్ నుంచి పిలుపు వచ్చింది. ఎవారిస్తో రీళ్ల డబ్బాలు సర్దుకున్నాడు. గోతుల్లో తీసినదాని నెగటివూ ప్రింటూ ఉన్న డబ్బా కూడా పెట్టుకున్నాడు. గొడవ అయిపోయింది కదా, ఇంకేం అనుకున్నాడు. ప్రింగిల్ పియానో వాయించేవాడు, చదువుకున్నవాడు. ఆ బొమ్మ విలువ తెలిసినవాడు ఒక్కడు చూస్తే చాలు. పెద్ద సినిమా తియ్యమంటాడు, లండన్ పంపిస్తాడు, సాంతియాగో పంపిస్తాడు. దారి పొడుగునా ఆ డబ్బాని ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు.

దొర భోజనాల గదిలో మిట్టమధ్యాహ్నం కర్టెన్లు లాగి, గోడకి దుప్పటి కట్టారు. ప్రింగిల్ పక్కన పోలీసు లెఫ్టినెంటు కూర్చుని పళ్లు కుట్టుకుంటున్నాడు. గుమ్మం దగ్గర హాజరు గుమాస్తా చేతులు కట్టుకుని నిలబడ్డాడు. లెఫ్టినెంటుని చూసినప్పుడు ఎవారిస్తో చెయ్యి ఆ డబ్బా మీదే ఉంది. మూత తియ్యకపోయినా అడిగేవాడు లేడు. ముందు లండన్ బొమ్మ తిప్పాడు. మందుగుండు, గాడిద బళ్లు, తొట్ల ఆవిరి, బస్తాలు, ఓడ. అంతా అయిపోయింది. ప్రింగిల్ బాగుందని ఆవులించాడు. ఆ ఆవులింత ఎవారిస్తోకి సూదిలా గుచ్చుకుంది.

"ఇంకొకటి ఉందండి. ఇది చూడండి," అన్నాడు.

మొదటి వరస గోడ మీదికి వచ్చింది. ప్రింగిల్ ఆవులింత మధ్యలో ఆగింది. ఎవారిస్తో అది గమనించి, లోపల పొంగిపోయాడు. అప్పుడు గుమ్మం దగ్గర్నుంచి గుమాస్తా గొంతు నెమ్మదిగా వినిపించింది. ఆ చివర పొట్టివాడు మందుగుండు ముఠావాడు. ఆ పక్కవాడు బళ్ల దగ్గరవాడు. మధ్యలో పొడుగువాడు తొట్లవాడు, అరాయా.

"ఆపు," అన్నాడు ప్రింగిల్.

పిడి ఆపితే ఏమవుతుందో ఎవారిస్తో చేతికి తెలుసు. దీపం ముందు రీలు నిలబడిపోతే మొదట గోడ మీద ఒక గోధుమరంగు చుక్క పుడుతుంది. అది బుడగలా ఉబ్బుతుంది. మరుక్షణం మొత్తం రీలు భగ్గుమంటుంది. బకెట్లు తెచ్చేలోగా నెగటివుతో సహా డబ్బా అడుగున బూడిద తప్ప ఏమీ ఉండదు. తప్పు తనది కూడా కాదు, ఆపమన్నది దొరే. బట్టలుతికే మనిషి కొడుకు, పుట్టినప్పటి నుంచి దొరల మాట జవదాటనివాడు, ఆ ఒక్క మాటకీ ఊరికే లోబడి ఉంటే సరిపోయేది.

జీవితంలో ఆయన లోబడనిది ఆ ఒక్కసారే.

"ఆపకూడదండీ, అంటుకుపోతుంది," అన్నాడు. చెయ్యి తిరుగుతూనే ఉంది.

లెఫ్టినెంటు ముందుకి వంగాడు. ఇలా పరిగెత్తిస్తే ఎలా చూడటం, మనిషి మనిషినీ నిదానంగా చూడాలి కదా అని గొణిగాడు. అప్పటికైనా నోరు మూసుకుని ఉండొచ్చు. వాళ్లకి రీలు సంగతులేం తెలుసు. కానీ షాపు గల్లాపెట్టె వెనక నిలబడి ఏళ్ల తరబడి అన్న మాట, బేరం పోతుందనుకున్నప్పుడల్లా అన్న మాట, ఆయన నాలుక మీదికి దానంతటదే వచ్చేసింది.

"ఏ ముక్క కావాలో చెప్పండి, కాగితం మీద వేసి తెస్తాను. పెద్ద సైజులో. ఎంతసేపు కావాలంటే అంతసేపు చూసుకోవచ్చు."

చీకటి గదిలో ఎర్ర దీపం కింద ఆ పని చేశాడు. చెయ్యనంటే జైల్లో వేస్తారని తనకి తాను చెప్పుకున్నాడు. తను కాకపోతే ఇంకొకడు చేస్తాడని చెప్పుకున్నాడు. రీలు మిగిలింది కదా, రేపు లోకం చూస్తుంది కదా అని చెప్పుకున్నాడు. ఆ మూడూ నిజాలే కావచ్చు. అయితే ఫోటోలు మసకగా వెయ్యొచ్చు. మందు ఎక్కువ పోసి నల్లగా మార్చెయ్యొచ్చు. రీలు ముక్క అంత పెద్ద సైజులో రాదని అబద్ధం చెప్పొచ్చు. చేతకాలేదు ఆయనకి. తొట్టెలో మందులోంచి లిందోర్ మొహం పైకి తేలి వస్తుంటే, చెంప మీద ధూళి గీత ఒకటి అడ్డుగా ఉందని కుంచె తీసి సాఫు చేశాడు. కనుబొమ దిద్దాడు. పోలిక చక్కగా కుదిరింది. పంపా మనుషులకి వాళ్ల జన్మలో అంత మంచి ఫోటోలు ఎవరూ తియ్యలేదు. తలా ఒకటి. అడిగినట్టే. కాకపోతే వాటిని అందుకున్నది వాళ్ల అమ్మలు కాదు.

నమూనాగా పంపిన వరస ఫోటో ఒకటి తిరిగి వచ్చింది. ఎర్ర సిరాతో కొన్ని తలల చుట్టూ సున్నాలు చుట్టి ఉన్నాయి, వీటికి ఇంకా కాపీలు కావాలని. కాపీలు వెళ్లాయి. కొందర్ని దక్షిణానికి పోయే ఓడ ఎక్కించారు, కొందర్ని జైలుకి. లిందోర్‌ని స్టేషనుకి తీసుకెళ్తున్నామని చెప్పి గుర్రాల వెంట నడిపించారు. స్టేషనుకి అతను చేరినట్టు ఎవరూ చూడలేదు. గుమాస్తా రేవుకి వచ్చినప్పుడు, వాడు దారిలో పరిగెత్తబోయాడట, లెఫ్టినెంటుకి కావలసిన సాకు దొరికిందట అని కన్ను గీటి చెప్పి, ఎవారిస్తో షాపులో తన పిల్లలతో ఫోటో తీయించుకుని పోయాడు.

ఇక రీలు. ప్రింగిల్ నెగటివూ ప్రింటూ రెండూ తెప్పించుకున్నాడు. రీలు కంపెనీది కదా ఒయార్సే అన్నాడు. పెద్ద సినిమా సంగతి ఎత్తితే, చూద్దాం అన్నాడు. ఆ డబ్బా లండన్ వెళ్లిందో, ఏ బీరువాలో కుళ్లిందో, పొయ్యిలో పడిందో ఎవారిస్తోకి చివరిదాకా తెలియలేదు. ఏ బొమ్మ కోసమైతే చెయ్యి ఆపలేదో ఆ బొమ్మని ఆ రోజు తర్వాత ఆయన చూడలేదు.

ఎదువీహెస్ రేవుకి దిగి షాపుకి వచ్చింది. కంపెనీ ఇల్లు ఖాళీ చేయించారు, ఇప్పుడు ఓ బోర్డింగు ఇంట్లో పళ్లేలు తోముతోంది. జైళ్లన్నీ తిరిగింది. ప్రతిచోటా ఆ పేరు మా దగ్గర లేదు, అవతల అడుగు అన్నారట. కూర్చోమంటే కూర్చోలేదు.

"ఆయనకి ఫోటో ఇస్తానన్నారట మీరు," అంది. "ఆయన అన్నాడు, దోన్ ఎవారిస్తో మాటిచ్చాడు, నేను దక్షిణాన ఉన్నా నువ్వెళ్లి తెచ్చుకో అని. జైలోళ్లకి చూపిస్తాను. పేరు మార్చి పెట్టుకున్నారేమో, మొహం చూస్తే చెప్తారు కదా."

రేపు రమ్మన్నాడు. ఆమె వెళ్లాక వెతికాడు. నెగటివు లేదు. కాపీలు లేవు. ఉన్నది ఒక్కటే, ఎర్ర సున్నాలు చుట్టిన వరస ఫోటో. లిందోర్ ఉన్న ముక్క వరకు కత్తిరించాడు. సున్నా మాత్రం తల చుట్టూ ఉంది. ఎవారిస్తో టచింగు చాకు తీశాడు. ఎర్ర సిరాని పొడి పొడిగా గీకాడు, వెంట్రుకవాసి కూడా మొహం మీదికి జారకుండా. గంటల తరబడి చేశాడు. ఎరుపు మొత్తం పోయింది. గీకిన చోట కాగితం పై పొర కూడా లేచిపోయింది. రంగు వేసి కప్పబోతే పట్టలేదు, జారిపోయింది. ఎరుపు ఉన్న చోట తెలుపు మిగిలింది. బాగానే వచ్చిందిలే అనుకున్నాడు.

మర్నాడు ఎదువీహెస్ గౌను అంచుతో చేతులు తుడుచుకుని, ఆ ఫోటోని రెండు చేతులా అందుకుంది. మొదట నవ్వింది. చూడు ఎలా నిక్కాడో, అద్దం ముందు కూడా ఇంతే అంది. తర్వాత వెలుతురులోకి, గుమ్మం దగ్గరికి తీసుకెళ్లింది. వెనక్కి తిరగకుండానే అడిగింది.

"ఈ తెల్ల సున్నా ఎందుకు పెట్టారయ్యా?"

ఎవారిస్తో గల్లాపెట్టె మీది చాకుని పక్కకి జరిపాడు.

"ఇది పోయినవాళ్లకి కదా పెడతారు. నాకు ఎవరూ చెప్పలేదే. మీకు ఎవరు చెప్పారు?"

కాగితం మరకని, మందు లోపమని, చాకు జారిందని, ఏదో ఒకటి అనడానికి ఆయన ప్రయత్నించాడు. ఒక్కటీ పూర్తి కాలేదు. ఎదువీహెస్ తిరిగి ఆయన మొహం చూసింది. ఆ వరసల్లోని మనుషులు అద్దంలోకి చూసినట్టే, రెప్ప వెయ్యకుండా చూసింది. తర్వాత గోడలకి వేలాడుతున్న ఫోటోలు చూసింది. గుమాస్తా, అతని పిల్లలు నవ్వుతున్న కొత్త ఫోటో దగ్గర ఆమె చూపు ఆగింది. ఫోటోని జాకెట్టు లోపల దాచుకుని వెళ్లిపోయింది.

ఆమె కోర్టుకి వెళ్లలేదు. ఆ దేశంలో ఆమెలాంటి వాళ్ల కోసం తెరిచిన కోర్టు ఏది? ఆ మొహాలు కంపెనీకి ఎవరు అందించారో బోర్డింగు ఇంట్లో పళ్లేల దగ్గర చెప్పింది, కొళాయిల దగ్గర చెప్పింది, పంపాకి తిరిగి వెళ్తున్న ప్రతి ఆడమనిషికీ చెప్పింది. రైలు వెళ్లినంత దూరం ఆ మాట వెళ్లింది.

ఎవారిస్తో ఆ తర్వాత కూడా చాలా ఏళ్లు సినిమాలు తీశాడు. ఊరేగింపులు, రైల్వే ప్రారంభోత్సవాలు, మంత్రుల రాక. పంపా మీదికి కెమెరా పట్టుకు వెళ్తే, కూలీలు ఆయన్ని దూరం నుంచే గుర్తుపట్టేవాళ్లు. టోపీలు కళ్ల మీదికి లాక్కునేవాళ్లు. వీపులు తిప్పుకునేవాళ్లు. రుమాళ్లు ముక్కు మీదికి చుట్టుకుని, గబగబా అటూ ఇటూ చెదిరిపోయేవాళ్లు. ఎవరూ ఎక్కడా నిలబడేవాళ్లు కాదు. ఆయనకి ఇక ఎవర్నీ కదలమని అరవాల్సిన పని పడలేదు. పిడి తిప్పుతూ మౌనంగా నిలబడేవాడు. దోన్ కదలండి అన్న పేరు కూడా నెమ్మదిగా పోయింది.

మాటలు వచ్చే సినిమాలు మొదలవబోయే ముందు, ఆయన తీసిన చివరి రీళ్లు సాంతియాగోలో ఆడాయి. పత్రికలో ఆయన పేరు పడింది. ఉత్తరాది నుంచి వచ్చిన ఈ ఛాయాగ్రాహకుడి తెర మీద జనం ఎంత సహజంగా కదులుతారో, కెమెరా ఉన్న సంగతే తెలియనట్టు ఎంత చులాగ్గా నడిచిపోతారో, ఆ రహస్యం ఈయనకి ఎలా చిక్కిందోనని రాశారు. ఎవారిస్తో ఆ ముక్కని కత్తిరించి షాపు గోడకి అంటించుకోలేదు. పారెయ్యనూ లేదు. షాపు ఊడ్చే అమ్మాయి దాన్ని అద్దాలు తుడవడానికి వాడేదాకా, అది గల్లాపెట్టె మీదే పడి ఉంది.